చదవకుండా వదిలేసిన ఊరి పేరు

నాగభూషణరావు పార్టీ పెట్టిన మనిషి. నవ్వకండి, నిజంగానే పెట్టాడు! తొంభై ఎనిమిదిలో, గుడివాడ కల్యాణ మండపంలో, డెబ్భైమూడు మందితో. పెద్ద పార్టీ వాళ్లు ఎన్నికల పొత్తుల యావలో పడి కూలీలను గాలికొదిలేశారని, పాతికేళ్ల సభ్యత్వం మొహాన కొట్టి బయటికొచ్చేశాడు. ఎదుటివాడి తప్పు పట్టుకుంటే ఇక వదిలే రకం కాదు.

అంత మనిషికీ ఓ గుట్టుంది. ముదినేపల్లి దగ్గర సొంతూళ్లో ఉన్న ఆరెకరాల వరిచేను ఆ వేసవిలోనే చేపల చెరువుకి లీజుకిచ్చాడు. "చుట్టూ చెరువులే, ఆ ఊటకి మన చేను పండి చస్తుందా?" అని భార్య ప్రభావతి పోరింది. సరేనని, కాగితం మాత్రం బావమరిది పేరున రాయించాడు. పొక్లెయిన్ దిగింది. ఏటా ఆ చేలో నాట్లూ కోతలూ చేసే ఇరవైమంది ఆడవాళ్లకి పని పోయింది. అందులో ఎస్తేరు ఒకతి. ఆమె మొగుడు అబ్రహాము కొత్త పార్టీలో ఈయనకి కుడిభుజం.

ఇంతకీ ఆ పార్టీ మొదటి తీర్మానం ఏమిటనుకున్నారు? చేపల చెరువుల తవ్వకం ఆపాలని! రాసింది ఈ మహానుభావుడే. పని పోయిన ఊళ్ల జాబితా మాత్రం అబ్రహాముది. రెండు నెలలు సైకిలు తొక్కి రాసుకొచ్చాడు. చర్చిలో వాక్యం చదివి చదివి సాఫైన గొంతు కదా, సభలో చదివే పనీ అతనికే అప్పజెప్పారు.

ఊరి పేరు, పోయిన ఎకరాలు, పని పోయిన మనుషులు... అబ్రహాము ఒక్కొక్కటే చదువుకుంటూ పోతున్నాడు. వేదిక మీద నాగభూషణరావు తన ఊరి వంతు ఎప్పుడొస్తుందా అని లెక్కపెట్టుకుంటున్నాడు. పక్క ఊరి పేరొచ్చింది. ఇక మనదే, అయిపోయాం అనుకున్నాడు. రాలేదు. అబ్రహాము అవతలి ఊరి పేరుకి వెళ్లిపోయాడు.

అమ్మయ్య అనుకున్నాడు. అనుకున్న మరుక్షణం తన మీద తనకే అసహ్యం వేసింది. మైకు చేతికందే దూరంలోనే ఉంది. "మా ఊరూ రాసుకోండి, తవ్వించింది నేనే" అనడానికి ఎంతసేపు? చెయ్యి చాచలేదు. తీర్మానానికి చేతులెత్తమంటే మాత్రం అందరికంటే ముందెత్తాడు, సిగ్గులేని మనిషి! ఆ తర్వాత ఆయన్నే ఏకగ్రీవంగా కార్యదర్శిని చేశారు. బలపరిచింది అబ్రహామే.

సాయంత్రం బస్టాండులో ముదినేపల్లి బస్సు కోసం ఇద్దరూ నిలబడ్డారు. ఆయన ఇక ఉండబట్టలేకపోయాడు.

"అబ్రహామూ, మనూరి పేరు మర్చిపోయావా?"

"లేదండీ." జేబులోంచి కాగితం తీసి చూపించాడు. ఉంది. ఆరెకరాలు, ఇరవైమంది.

"మరి చదవలేదేం? నా పరువు పోతుందనా?"

"కాదండీ. అది మీ నోటితో మీరే చెప్తారని వదిలేశానండీ." అబ్రహాము కాగితం మడిచి మళ్లీ జేబులో పెట్టుకున్నాడు. "పొద్దున బయల్దేరేటప్పుడు ఎస్తేరు, ఆయన చచ్చినా చెప్పడు అందండీ. ఆయన సంగతి నీకు తెలీదు, తప్పకుండా చెప్తారని దాంతో పోట్లాడి వచ్చాను. ఇప్పుడింటికెళ్లి దానికేం చెప్పమంటారో మీరే చెప్పండి."