మూడో లైనులో పట్టిన బంతి

డెబ్బైల చివర్లో నేను రాజమండ్రిలో విలేకరిగా ఉన్నప్పుడు, ఊరి క్లబ్బు పెద్దలు ఒక అమెరికా బృందాన్ని పిలిపించుకున్నారు. అందులో యాభై దాటిన ఒకాయన, పాతికేళ్ళ కిందట అక్కడ జీతానికి ఫుట్‌బాల్ ఆడినవాడు. నాకు ఇంగ్లీషు వచ్చునన్న అపవాదు ఉండటంతో ఆయన్ని నాకు అప్పగించారు.

ట్రావెలర్స్ బంగళాలో కాఫీ తాగుతూ ఆయన చెప్పినదాన్నిబట్టి, వాళ్ళ ఫుట్‌బాల్లో ఈయన కాళ్ళకి పని పరుగొక్కటే. దూరం నుంచి ఒకడు కోడిగుడ్డు ఆకారపు బంతి విసురుతాడు. ఈయన పరిగెత్తి పట్టుకోవాలి. పట్టుకున్న మరుక్షణం ఇద్దరు ముగ్గురు మీదపడి నేలకేసి కొడతారు. తొమ్మిదేళ్ళు ఇదే ఉద్యోగం. ఆటలు లేని నెలల్లో సిమెంటు బస్తాలు అమ్మేవాడు. కుడిచేతి మూడు వేళ్ళు మూడు దిక్కులకి తిరిగి ఉన్నాయి.

ఆఖరి ఆటలో గీత పక్కన వంగి, నేలకి జానెడు ఎత్తులో బంతి పట్టుకున్నాడట. నేలకి తగిలిందని అంపైరు ఒప్పుకోలేదు. మర్నాడు వాళ్ళ ఊరి పేపరు జారవిడిచాడని రాసింది. మరుసటి ఏడు జట్టు పిలవలేదు.

“మీదీ పేపరే కదా. నేను పట్టుకున్నానని రాయండి. ఎక్కడో ఒకచోట అది అచ్చులో ఉండాలి,” అన్నాడు.

రాస్తానని మాటిచ్చాను. కప్పులో కాఫీ ఇంకా చల్లారలేదు.

బయటికొస్తే వరండాలో క్లబ్బు అధ్యక్షులైన రైస్ మిల్లు యజమాని గారు కాచుకుని ఉన్నారు.

“ఏంటండీ, ఇంతకీ గోల్సు ఎన్ని కొట్టారంట?”

“కొట్టలేదండి. బంతి చేత్తో పట్టుకునేవారు.”

“చేత్తోనా! ఫౌలు కాదాండీ?”

“వాళ్ళకి కాదండి.”

“పట్టుకుని ఏం చేసేవారండీ?”

“కిందపడేవారండి.”

“ఆయ్! దానికి జీతం కూడానా? మా మిల్లులో రోజూ నలుగురు పడతారండి, బస్తాలతో సహా. సర్లెండి, సభలో మాత్రం గోల్సు కొట్టారనే చెబుదాం. లేకపోతే జనం నొచ్చుకుంటారు.”

మధ్యాహ్నం కాలేజీ మైదానంలో సన్మానం, ఆ వెంటనే ఫుట్‌బాల్ పోటీ. మే నెల ఎండలో ఆయనకి శాలువా కప్పారు. ఆయన కొట్టని గోల్స్ గురించి తొమ్మిదిమంది మాట్లాడారు. ముఖ్యఅతిథి బంతి తన్నందే మా దగ్గర ఏ పోటీ మొదలుకాదు కనుక, “తన్నండి సార్” అంటూ ఆయన ముందు బంతి పెట్టారు. జీవితంలో ఎన్నడూ తన్నని మనిషి తన్నాడు. బంతి పక్కకి దొర్లి గోల్‌కీపరు కాళ్ళ దగ్గరికి పోయింది. ఆ కుర్రాడు ఉత్సాహంగా తిరిగి తన్నేసరికి అది సూటిగా అధ్యక్షుల వారి తలకేసి వచ్చింది. శాలువాతోనే రెండంగలు పరిగెత్తి, ఆ వంకర వేళ్ళతో ఒంటిచేత్తో, అధ్యక్షుల మెడలోని పూలదండకి బెత్తెడు దూరంలో బంతిని పట్టేశాడాయన.

రిఫరీ అలవాటుకొద్దీ విజిల్ ఊదాడు. హ్యాండ్‌బాల్.

జనం విరగబడి నవ్వారు. ఆయన నవ్వలేదు. నాకేసి చూశాడు.

సాయంత్రం బస్సుకి వార్త కవరు ఇచ్చాను. చోటు చాలనప్పుడు మా డెస్కులో కత్తెర వార్త కిందనుంచి మొదలవుతుంది. వేదిక మీది పేర్ల జోలికి వెళ్ళదు, పేరు పడినవాడల్లా నాలుగు కాపీలు కొంటాడు కనుక. అది తెలిసి కూడా, ముగింపు రక్తికడుతుందని, ఆనాటి ఆఖరి ఆటలో ఆయన బంతి పట్టుకున్నాడన్న వాక్యాన్ని చివర్న పెట్టాను.

మర్నాడు పొద్దున్న స్టేషన్లో ఆయన మా పేపరు కొనుక్కుని నిలబడి ఉన్నాడు. అప్పటికే నేను ఇంట్లో చదివేసి వచ్చాను.

“ఉందా?” అన్నాడు.

“ఉంది,” అని మూడో లైను మీద వేలు పెట్టాను.

ఆ అక్షరాలకేసి చాలాసేపు చూసి, కలంతో కింద గీత గీసుకుని, మడిచి చొక్కా జేబులో పెట్టుకున్నాడు.

ఆ లైనులో ఉన్నది బట్టల వర్తకుల సంఘం కోశాధికారి గారి పేరు. ఆయన ఆ రోజు సభకి రానేలేదు.