రాహేలు అంటే

బాపట్ల బడిలో నేను గుమాస్తాగా ఉన్నప్పుడు మా హెడ్మాస్టరుకు ఒక జబ్బుండేది. ఏ పిల్ల పేరు విన్నా ఫోనులో వెతికి, "అర్థం తెలుసా?" అని తల్లిని నిలదీసేవాడు. ఆమె తెలియదంటే ఆ పూటకు తానే పండితుడు.

ఒకసారి రేపల్లె నుంచి వచ్చిన ఒకామె కూతుర్ని ఒకటో తరగతిలో చేర్పిస్తూ, "రాహేలండి" అంది.

"హీబ్రూలో ఆడగొర్రె. తెలుసామ్మా?"

"తెలుసండి. మా అత్త గొర్రెలు కాసిన మనిషండి. ఆవిడే పెట్టిందండి."

ఆయన ఇకిలించి, "రాధ అని రాయవయ్యా" అన్నాడు. ఆ వెకిలి నవ్వుకు నేనూ వంత పాడి, అలాగే రాశాను.

మొన్న, నేనిప్పుడు పనిచేసే తెనాలి విద్యాశాఖ ఆఫీసుకు ఆ అమ్మాయి పేరు దిద్దించుకోవడానికి పదో తరగతి సర్టిఫికెట్టుతో వచ్చింది. "నా పేరు రాహేలండి. ఇందులో రాధ అని ఎవరు రాశారండి?"

"ఆ హెడ్మాస్టరేనమ్మా" అన్నాను, రాసిన చెయ్యి బల్ల కింద పెట్టుకుని.