నీళ్లకు పోయిన సిపాయి

కిటికీలోంచి బొగ్గు పొయ్యి పొగ వచ్చింది. చంద్రపూర్ గనుల దగ్గరి మా లాల్‌పేట్‌లో ఇంకా ఎవరో వెలిగిస్తున్నారు. బల్లార్‌పూర్ పెళ్లి వీడియో ఎడిటింగ్ చేస్తున్న నా చేయి ఆగిపోయింది. ఆ వాసన తగిలితే లచ్చవ్వ పెద్దమ్మ గుర్తుకు రాకుండా ఉండదు.

గని క్వార్టర్లలో మా పక్కిల్లు ఆమెది. తెలంగాణ నుంచి గని పనికి వచ్చిన భర్త వెంట వచ్చి ఇక్కడే ఉండిపోయింది. పెద్దనాన్న డ్యూటీకి వెళ్తే, మళ్లీ గడప దగ్గర ఆయన బూట్లు కనిపించేదాకా తలుపు వేసేది కాదు. వాన కొట్టినా, కుక్కలు దూరినా అంతే. "మనిషి బయట ఉండంగ తలుపేస్తరా?" అనేది.

నేను కాలేజీలో చేరిన ఏడు చంద్రపూర్‌లో ఓ పెద్ద చారిత్రక యుద్ధ సినిమా ఆడింది. కోటలు, ఏనుగులు, రాజుగారి శపథం, చెవులు చిల్లులు పడే నగారాలు. హాలంతా ఈలలు. నాతో వచ్చిన పెద్దమ్మ మాత్రం బయటికి వస్తూనే నన్ను పట్టుకుంది.

"తోలుసంచి పట్టుకొని నీళ్లకు పోయిండు సూడు, గా ముసలి సిపాయి. మల్ల వచ్చిండా?"

"రాజు గెలిచిండు గద పెద్దమ్మా!"

"గెలిస్తే గెలిచిండు తియ్. నీళ్లకు పోయినాయన ఏమైండు?"

నాకు నవ్వు ఆగలేదు. టీవీలో ఆ సినిమా వచ్చినప్పుడల్లా అదే ప్రశ్న. పెద్దనాన్న ప్రతి షిఫ్టు నుంచీ క్షేమంగా తిరిగొచ్చి, రిటైరై, చివరకు తన మంచం మీదే కన్నుమూశాడు. ఆ సిపాయి సంగతి మాత్రం తేలలేదు, పగటిపూట పెద్దమ్మ తలుపూ మూతపడలేదు.

ఎడిటింగ్ నేర్చుకున్నాక నాకు అర్థమైంది. హాల్లో ఆడాలంటే నిడివి తగ్గించాలి. యుద్ధం మిగులుతుంది, మనుషులు కత్తెరకు పోతారు. పోయినేడు అదే సినిమా పూర్తి నిడివితో ఫోన్లలోకి వచ్చింది. కొత్తగా కలిపిన వాటిలో పోరాటాలు లేనే లేవు. సిపాయిలు రొట్టెలు కాల్చుకోవడం, గుర్రం కాలికి పసరు కట్టడం, శత్రువుల గుడారంలో ఎవరో కూనిరాగం తీయడం. ముసలి సిపాయి కూడా ఉన్నాడు. వాగు ఒడ్డున బాణం తగిలి, నిండిన సంచి పక్కనే ప్రాణం విడిచాడు.

అప్పటికే పెద్దమ్మకు చూపు మందగించింది, ఒంట్లో ఓపిక లేదు. ఆ ముక్క తీసేయడం నాకెంత పని? సంచి నింపుకోవడం చూపించి ఆపేస్తే సంతోషపడుతుంది. కానీ ఇన్నేళ్లు ఆమెను ఎదురుచూసేలా చేసింది కూడా అలాంటి కత్తెరే. ఏమీ తీయకుండానే లాప్‌టాప్ పట్టుకెళ్లాను.

తెరకు ముఖం ఆనించి చూసింది. వాగు సీను రాగానే నా చేయి పట్టుకుంది.

"సచ్చిపోయిండా బిడ్డా?"

"అవును పెద్దమ్మా."

కొంగుతో కళ్లు తుడుచుకుంది. "గింత ముక్క. గిదెందుకు కోసిండ్రు? ఇన్నేండ్లు వస్తడనే సూసిన." గోడ పట్టుకుని లేచింది. "ఇగ తలుపేస్త," అని పట్టపగలే వెళ్లి గడియ పెట్టింది.

ఆమె ఇప్పుడు లేదు. పక్కింటి ముందు నుంచి వెళ్తే నాకు ఇంకా దిగులుగా ఉంటుంది.

బల్లార్‌పూర్ పెళ్లివారు కూడా వీడియో కుదించమన్నారు. అందులో పెళ్లికూతురి మేనమామ నీళ్ల డబ్బాల కోసం స్కూటర్ మీద వెళ్తాడు. తలంబ్రాలు కూడా అయిపోయాక చెమటలు కక్కుతూ వస్తాడు. "మామ నీళ్లు తెచ్చుడు ఎవరు సూస్తరు తాయీ? తీసెయ్," అన్నాడు పెళ్లికూతురి అన్న, మరాఠీ అలవాటుతో నన్ను అక్కా అని పిలుస్తూ.

డ్యాన్సుల్లో సగం తీసేశాను. మేనమామ తిరిగి రావడం ఉంచాను.