పడవాయన చెప్పిన ‘వస్తా’

సినిమా చూపించి కొంప ముంచినవాణ్ని మా చంద్రగిరిలో నేనొక్కణ్నే. తీసినవాళ్ల తప్పేమీ లేదు, పూర్తిగా నా తెలివే.

మా నాయనకు మంత్రాలూ రాక్షసులూ ఉండే డబ్బింగు బొమ్మలంటే ప్రాణం. అలాంటిదొకటి తిరుపతి హాల్లో చూసి వచ్చినప్పటి నుంచి ఆయనకు ఒకటే దిగులు. అందులో ఒక ముసలి పడవాయన హీరోను ఏరు దాటించి, "వస్తా" అని వెళ్లిపోతాడు. మళ్లీ కనబడడు. "వస్తానని సెప్పినోడు యాడికి పోయినాడప్పా?" అని నాయన టీ అంగడిలో కూడా అడిగేవాడు. మనలో ఎవరూ గడప దాటుతూ "పోతా" అనరు కదా, డబ్బింగు రాసినాయన ఆ మర్యాద పాటించాడు, అంతే. నాయన మాత్రం దాన్ని మాటివ్వడం కిందే తీసుకున్నాడు.

ఆ మధ్య ఆయనకు జబ్బు చేసింది. వేలూరు డాక్టరు నన్ను పక్కకు పిలిచి, ఇక ఎక్కువ కాలం లేదన్నాడు. ఇంట్లో నేను గ్యాస్ ట్రబుల్ అని చెప్పాను. ఎంత బాగా చెప్పానంటే, ఒక్కోసారి నేనే నమ్మి వాము నీళ్లు కాచేవాణ్ని.

ఆయన్ని సంతోషపెడదామని, హాల్లో కత్తిరించిన సీన్లన్నీ కలిపి ఇళ్లలో చూడ్డానికి విడిగా వదిలిన పెద్ద బొమ్మ తెప్పించాను. ముందు నేనొకసారి చూసుకోవాలన్న బుద్ధి పుట్టలేదు. అట్ట మీద పడవాయన కూడా కనిపించేసరికి, ఇందులో నీ పడవాయన వస్తాడు నాయనా, అని గొప్పగా పెట్టాను.

వచ్చాడు. ఒక పాట, రాక్షసుల విందు, గుర్రాలు కొండెక్కడం, అన్నీ అదనంగా వచ్చాయి. ఆ తరువాత పడవాయన గుడిసెలో పడుకుని, దగ్గుతూ, తీరుబడిగా చచ్చిపోయాడు. చుట్టూ ఉన్నవాళ్లు "ఏం కాదు, తగ్గిపోతుంది" అంటున్నారు. అచ్చం నా మాటలే. నేను రిమోట్ కోసం దిండ్ల కింద వెతికాను. అది నాయన చేతిలోనే ఉంది. ఆయన ఆపలేదు.

అమ్మ వంటింట్లో రసానికి పోపు పెడుతోంది.

"హాల్లో కత్తిరించి మంచిపనే సేసినారప్పా," అన్నాడు నాయన నెమ్మదిగా. "నువ్వు గూడా నాకు కత్తిరించిందే కదా సూపిస్తా ఉండావు. మిగిలింది నాకు తెలుసులే."

నాకు ఏడుపు ఆగలేదు. ఆయన వంటింటి వైపు చూశాడు.

"మీయమ్మకు మాత్రం హాల్లో బొమ్మే సూపించు."

కొన్నాళ్లకు వేలూరికి కారెక్కుతూ ఆయన అమ్మతో "వస్తా" అన్నాడు. తొందరగా రమ్మంది అమ్మ. రాలేదు.

అందుకని ఒట్టు పెట్టుకున్నాను. హాల్లో సినిమా ఎక్కడ ఆపితే అక్కడే లేచి వస్తాను, కలిపిన సీన్లను ఈ జన్మలో ఇంటి గడప తొక్కనివ్వను. అమ్మ ఇప్పటికీ అప్పుడప్పుడూ అడుగుతుంది, "మీ నాయన అంతగా అడగతా ఉన్న్యాడే, ఆ పడవాయన తిరిగొచ్చినాడా?" అని.

"వచ్చినాడమ్మా," అంటాను.