ఐలయ్య పహిల్వాన్ టీవీ కుస్తీ

మా మామ పేరు ఐలయ్య. శంషాబాద్‌లో ఆ పేరు చెప్పి అడిగితే ఎవరికీ తెలియదు. పహిల్వాన్ ఇల్లెక్కడంటే చిన్నపిల్లలు కూడా చూపిస్తారు. నలిగి ముద్దయిన చెవులు, అరుగు నిండా మనిషి. వయసులో ఉండగా ఆయన కుస్తీ ఉందంటే మంఖాల్ నుంచి బండ్లు కట్టుకొని వచ్చేవారట. నేను కోడలిగా వచ్చేసరికి ఆ వైభవం ఏమీ మిగల్లేదు. పొలం విమానాశ్రయం కిందికి పోయింది. వచ్చిన డబ్బుతో రోడ్డు పక్కన ఈ ఇల్లు కొన్నారు. పొద్దున అరుగు మీద కూర్చుంటే మళ్ళీ అన్నానికే లేచేవాడు. ఏం అడిగినా ఆఁ, ఊఁ, అంతే. గోడతో మాట్లాడినా కాస్త బదులొస్తుందేమోనని నేను విసుక్కునేదాన్ని.

కుస్తీ ఎందుకు మానేశాడని మా అత్త రుక్కమ్మను ఒకసారి అడిగాను.

"ఓ జాతరల ఆరాంఘర్ దిక్కు పోరడొకడు చిత్ చేసిండు. ఈపుకు మట్టంటింది, అంటితే ఓడినట్టే. గా దినమే లంగోటి ఇప్పి అటక మీద పడేసిండు," అంది. ఆ సంగతి ఆయన మళ్ళీ ఎత్తలేదట, ఎవరినీ ఎత్తనివ్వలేదట.

నాకేమో ఊరికే కూర్చోవడం చేతకాదు. మా ఆయన శేఖర్‌కు విమానాశ్రయం కార్గోలో షిఫ్టుల పని. ముందుగది ఖాళీగా ఉండేది. 2010లో, టీవీలు బాగుచేసే షౌకత్ అన్న కోఠీ నుంచి పాత ప్లేస్టేషన్ ఒకటి తెచ్చి, "గేమ్ షాపు పెట్టు చెల్లే, మస్తు నడుస్తది," అన్నాడు. పెట్టాను, నడిచింది. వచ్చేవాళ్ళు ఎక్కువగా క్యాబ్ డ్రైవర్లు. విమానం దిగేవాళ్ళ కోసం కళ్ళు కాయలు కాచేలా ఎదురుచూడటమే కదా వాళ్ళ బతుకు. కార్ల రేసు పెట్టబోతే, "పొద్దుమూకుల గదే పని గదక్కా, ఇక్కడ గూడ తోలాల్నా?" అనేవారు.

వాళ్ళకు కావలసింది రెజ్లింగు. కొత్త డిస్కులూ ఉండేవి. వాటిలో మనుషుల ఒంటి మీద చెమట కూడా కనిపించేది. అయినా గీతలు పడ్డ పాత డిస్కు కోసమే కొట్టుకునేవారు. అందులో నలుగురు ఒకేసారి బరిలో దిగొచ్చు, నిచ్చెనెక్కి దూకొచ్చు, నిన్న చాయ్ తాగించినవాణ్ణే కుర్చీతో బాదొచ్చు. ఒకడు పడితే పడినవాడితో సహా గదంతా నవ్వాలి. అలా నవ్వించిన ఆటే గొప్ప ఆట. ఎవరు కాదన్నా నేను ఒప్పుకోను.

వాడకట్టు ఊరుకుంటుందా? పహిల్వాన్ కోడలు మగవాళ్ళను ఇంట్లో కూర్చోబెట్టి కుస్తీలు పట్టిస్తోందని చెవులు కొరుక్కున్నారు. నా ముందు అంటే అక్కడే కడిగేసేదాన్ని. వెళ్ళి మామ చెవిన వేశారు.

ఆ సాయంత్రం ఆయన గుమ్మంలో నిలబడ్డాడు. "బంద్ పెట్టు కవితా. నా ఇంట్ల దొంగ కుస్తీ వద్దు."

శేఖర్ తల దించుకున్నాడు. నాకు ఒళ్ళు మండింది. పెళ్ళయ్యాక నాదంటూ ఉన్నది ఆ షాపొక్కటే. అది పోతే మళ్ళీ వంటింట్లోకే.

"దొంగదో, అసలుదో ఆడి చూస్తే గద మామా తెలిసేది. అరుగు మీద కూసుంటే ఏం తెలుస్తది?" అనేశాను.

కుస్తీ నేర్పే తాలీంలో పెరిగిన మనుషులకు ఒక పద్ధతి ఉంది. మాటతో తేలనిది పట్టుతో తేల్చుకుంటారు. మామ కూడా అదే చేశాడు. "సరే. ఐతారం గీ టీవీల నాతోని పట్టు. నేను గెలిస్తే షాపు బంద్. నువ్వు గెలిస్తే నీ ఇష్టం," అన్నాడు.

మామ షౌకత్ అన్న దగ్గర కూర్చుని ఏ బొత్తాం నొక్కితే పట్టుకుంటాడు, ఏది నొక్కితే ఎత్తుతాడు, ఏది నొక్కితే విడిపించుకుంటాడు అన్నీ అడిగి నేర్చుకున్నాడు. గెలిచేది ఎలా అని మాత్రం అడగలేదు. పహిల్వాన్‌కు అది ఒకరు చెప్పాలా?

ఆదివారం మధ్యాహ్నం డ్రైవర్లతో గది కిక్కిరిసిపోయింది. మామ వంగి సిమెంటు నేలను తాకి, ఆ చెయ్యి నుదుటికి అద్దుకొని రిమోటు తీసుకున్నాడు. గంట మోగిందో లేదో, టీవీలో నా మనిషిని నడుము పట్టి ఎత్తి వెల్లకిలా పడేశాడు. వీపు మొత్తం నేలకు తగిలింది. మామ రిమోటు కింద పెట్టి, చెయ్యి పైకెత్తి, డ్రైవర్ల వైపు తిరిగాడు.

ఎవరూ చప్పట్లు కొట్టలేదు. "తాతా, ఇంక అయిపోలే!" అని ఒకడు అరిచాడు.

అప్పటికే నా మనిషి లేచాడు. షాపు నాది, నేనెందుకు ఆగుతాను? దిక్కులు చూస్తున్న ఆయన మనిషిని పడగొట్టి, మీద పడి అదిమిపట్టాను. రిఫరీ మూడు లెక్కపెట్టాడు. గది దద్దరిల్లింది.

"ఏంది గిది?" అన్నాడు మామ. "వాడు చిత్ అయిండు గద! ఎట్ల లేసిండు?"

"ఇందుల గట్లుండది పహిల్వాన్ సాబ్," అన్నాడు షౌకత్ అన్న. "పడ్డంక మీద పడి పట్టాలె, మూడు లెక్కపెట్టాలె. గాలోపు లేస్తే మళ్ళ కుస్తీనే."

"పడ్డోడు లేవొచ్చా?"

"లేవొచ్చు."

"ఎన్నిసార్లు?"

"ఎన్నిసార్లు పడితే అన్నిసార్లు."

మోసం అంటాడని, ఇల్లు పీకి పందిరేస్తాడని కాచుకొని ఉన్నాను. ఆయన టీవీకేసి చూపు తిప్పాడు. మెల్లగా నాతో అన్నాడు. "నేను గా దినం గూడ లేసేటోణ్ణే బిడ్డా. లేవనియ్యలే."

నా కోపం ఎటు పోయిందో తెలియదు. ఇన్నేళ్ళూ అరుగు మీద కూర్చున్నది పొగరుతో అనుకున్నాను. వంటింటి గుమ్మంలో మా అత్త కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"మళ్ళ పెట్టు," అన్నాడు మామ, రిమోటు తీసుకొని.

ఆ రోజంతా ఓడిపోయాడు. డ్రైవర్లు కూడా ఓడించారు. పొద్దు వాలే వేళకు మాత్రం, రిఫరీ రెండు అని మూడోసారి చెయ్యి ఎత్తేలోపు, రెండు బొటనవేళ్ళతో ఉన్న బొత్తాలన్నీ ఎడాపెడా నొక్కేశాడు. ఆయన మనిషి భుజం లేపి బయటపడ్డాడు. మామ నవ్వాడు. పొట్ట పట్టుకొని, కళ్ళ నీళ్ళు తుడుచుకుంటూ నవ్వాడు. నేను ఆ ఇంట్లో అడుగుపెట్టాక ఆయన నవ్వు వినడం అదే మొదలు.

ఆ ఆట ఏ దేశంలో ఎవరు తయారుచేశారో నాకు తెలియదు. శంషాబాద్‌లో ఒక ఐలయ్య ఉన్నాడని వాళ్ళకూ తెలియదు. వాళ్ళకు, దాన్ని కోఠీ నుంచి మోసుకొచ్చిన షౌకత్ అన్నకు నేను చేతులెత్తి దండం పెడతాను. ఆట చూసి నవ్వినవాళ్ళు ఉంటారు. దాని వల్ల ఇంటి పెద్ద తిరిగొచ్చినవాళ్ళు మా వాడకట్టులో మేమే.

తరువాతి ఆదివారం మామ కొబ్బరికాయ పట్టుకొని వచ్చాడు. మా దిక్కు జాతరలో మొదటి కుస్తీ కొబ్బరికాయకే పడతారు. పెద్ద పందేలన్నీ ఆ తరువాతే. బరిలోకి తలపడే జోడీని పిలిచేది ఊరి పెద్ద. ఆడవాళ్ళు అంత దూరాన నిలబడి చూడాల్సిందే.

కొబ్బరికాయను టీవీ పక్కన పెట్టి, మామ గోడ వారగా వెళ్ళి డ్రైవర్ల మధ్య కూర్చున్నాడు. జోడీని ఆయనే పిలుస్తాడని అందరూ ఎదురుచూస్తున్నారు. ఆయన నా వైపు చూశాడు.

"తాలీం నీది," అన్నాడు. "నువ్వే పిలువాలె."

వాడకట్టంతా వినపడేలా మొదటి జోడీని పిలిచాను.