చేప మాటు

చిల్లుపడిన గిన్నెలకు మాట్లు వేసే ఆయన్ని ఆ వీధివాళ్లంతా మాట్ల తాత అనేవారు. యుద్ధం ముగిశాక ఆయనకు తల ఎత్తే తీరిక లేదు. కొత్తవి కొనే స్తోమత ఎవరికీ లేకపోయె. పైగా పోయినవి పోగా మిగిలిన ఒక్క గిన్నెనూ చూసుకుంటే మనిషికి అదో ధైర్యం. ఒకరింటి మూత ఇంకొకరింటి తపేలా మీదకు చేరిన రోజులవి. ఏది వచ్చినా తాత ముందు దాన్ని వెలుగుకెత్తి, ఒక కన్ను మూసి, చిల్లు వెతికేవాడు.

ఆ ఉదయం ఒక అమ్మాయి తెచ్చిన ఇత్తడి గిన్నెను అలాగే ఎత్తి, దించడం మరిచిపోయాడు. చిల్లు పక్కనే పాత మాటు ఒకటి. వంకరగా, తోకతో సహా అచ్చం చేపలా ఉంది. పని నేర్చుకునే రోజుల్లో తాను వేసిన మొట్టమొదటి మాటు! "మాటు వెయ్యరా అంటే చేపని అతికించావేంట్రా!" అని పగలబడి నవ్విన అక్క, సరిచేస్తానని ఎంత బతిమాలినా ఆ గిన్నె మళ్లీ చేతికివ్వలేదు. ఆ అక్క జాడ తెలియక రెండేళ్లు.

"ఇది నీకెక్కడిదమ్మా?"

అమ్మాయి ముఖం మాడిపోయింది. "నేనేం దొంగతనం చెయ్యలేదు తాతా."

"అయ్యో తల్లీ! ముందు నా నోటికి వెయ్యాలి మాటు. ఇలా కూర్చో." మంచినీళ్లిచ్చాడు.

తాగి, నెమ్మదిగా చెప్పింది. "యుద్ధంలో వంతెన అవతల బడిలో తలదాచుకున్నాం. మా పాపకి జ్వరం. ఒక పెద్దామె తన వంతు గంజి ఇందులో పోసిచ్చింది. తెల్లారేసరికి మమ్మల్ని ఇటు పంపేశారు. గిన్నె నా దగ్గరే ఉండిపోయింది. ఇప్పుడు వంతెన తెరిచారుగా, ఇచ్చేద్దామని. చిల్లుగిన్నె ఏ మొహంతో ఇవ్వను?"

"ఆవిడ... ఉందా?" తాత గిన్నెను ఒళ్లోకి తీసుకున్నాడు.

"ఉందట. నిన్న మా పక్కింటాయన చూసొచ్చాడు. అందర్నీ తిడుతూనే వడ్డిస్తోందట."

"తిడుతోందా? అయితే మా అక్కే! దేవుడు చల్లగా చూశాడు."

కళ్లు మూసుకుని వేసినా కుదిరే చెయ్యే గానీ, ఆ పూట తాత చూపు మాటిమాటికీ వంతెన దారి వైపే పోయింది. నీళ్లు పోసి చూశారు. చుక్క కారలేదు గానీ, అమ్మాయి నవ్వాపుకోలేకపోయింది.

"తాతా, ఇదీ చేపే అయింది!"

"ఉండనీయమ్మా," అంటూ తాత కొట్టు తలుపు మూశాడు. "గిన్నె నేనే పట్టుకుంటా, పద. గుమ్మంలోకి రాగానే తిట్లు మొదలవ్వాలిగా మరి!"