తెర మీద గట్టు

మా నాయన మంచివాడే. దాహమని వచ్చినవాళ్ళకు నీళ్ళకు బదులు మజ్జిగ ఇచ్చి పంపే రకం. గట్టు దగ్గర మాత్రం ఆయన్ను నమ్మకూడదు. కూతురినై ఉండి ఈ మాట అంటున్నానంటే కారణం ఉంది. నాయన ఈమధ్య ఆక్రమించింది పరాయివాళ్ళ చేను కాదు, నా లాప్‌టాప్ తెర.

కొమరోలు దగ్గర మా ఊళ్ళో మాకు మూడెకరాల కంది చేను ఉంది. పక్క చేను మా మామది. వరసకు ఆయన అమ్మకు అన్న, నాయనకు బావ. రెండు చేలకూ మధ్య ఒక గట్టు. దున్నకాలప్పుడు మేమొక సాలు అటు దున్నుకుంటే, మరుసటేడు వాళ్ళొక సాలు ఇటు దున్నుకునేవాళ్ళు. మా వైపు దీన్ని పెద్ద తప్పుగా చూడరు. అడుగుతారు, అరుచుకుంటారు, మళ్ళీ ఒకే బస్సులో పక్కపక్కన కూర్చుని గిద్దలూరు పోతారు. గట్టు తినని రైతు ఉన్నాడంటే ఆయనకు ఒంట్లో బాగాలేదేమోనని అనుమానపడాలి. ఒకసారి సర్వేయర్ వచ్చి కొలిచి హద్దురాయి పాతి పోయాడు. ఆ రాయి కూడా రెండేళ్ళు తిరక్కముందే కొంచెం నడక నేర్చింది.

అలాంటి మనిషికి పక్షవాతం వచ్చి కుడి పక్క పడిపోయింది. ఏడాది తిరిగేసరికి మాట తిన్నగా అయింది, కాలు లేచింది. చెయ్యి మాత్రం సగంలో ఆగిపోయింది. అటూ ఇటూ జరుగుతుంది గాని వేళ్ళు దేన్నీ పట్టుకోవు, దేన్నీ ఒత్తలేవు. దాంతో అన్నం ఎడమచేత్తో, స్పూన్‌తో తినాల్సి వచ్చింది. నలుగురిలో ఎడమచేత్తో తినడమంటే నాయనకు తల కొట్టేసినట్లు ఉండేది. పెళ్ళిళ్ళకు పోవడం మానేశాడు. పిలవడానికి వచ్చినవాళ్ళతో కాలు నొప్పని చెప్పేవాడు. ఆఖరికి ఇంట్లో కూడా గోడ వైపు తిరిగి కూర్చుని తినడం మొదలుపెట్టాడు.

గోడ వైపు తిరిగిన ఆ వీపును చూస్తే నాకు మండిపోయేది. ఏడుపు రావలసిన చోట కోపం రావడం నాకు చిన్నప్పటినుంచీ ఉన్న జబ్బు.

గిద్దలూరులో చెయ్యికి వ్యాయామం చేయించే ఆయన ఒక మెత్తటి రబ్బరు బంతి ఇచ్చి, రోజూ పిసకమన్నాడు. రెండు రోజులు పిసికాడు. మూడో రోజు, "ఏంది పాపా ఇది, పసిబిడ్డకు ఇచ్చినట్ల," అన్నాడు. నాలుగో రోజుకు ఆ బంతి ఇంట్లో లేదు. నేను ఎంత అరిచినా లాభం లేకపోయింది. నాయన పట్టిన కుందేటికి ఎప్పుడూ మూడే కాళ్ళు.

అప్పటికే నేను ఇంటి నుంచి ఉద్యోగం చేస్తున్నాను. ఫ్రిజ్జులు, వాషింగ్ మిషన్లు కొన్నవాళ్ళు ఫిర్యాదులు రాస్తారు. అవి నా తెర మీద ఒక జాబితాలో పడతాయి. ఒక్కోదాని ముందు నిమిషాలు తరిగిపోతూ ఉంటాయి. అయిదు నిమిషాల్లో జవాబు మొదలుపెట్టాలి. ఒక్కోసారి వరసగా పడతాయి, ఒక్కోసారి అరగంట దాకా ఒక్కటీ ఉండదు. ఆ ఖాళీలో నేనొక పాత ఆట ఆడుకునేదాన్ని. మార్కాపురంలో డిగ్రీ చదివేటప్పుడు నెట్ సెంటర్‌లో సీడీలోకి ఎక్కించుకున్నది. పైన ఇటుకల వరసలు, అడుగున ఒక పలక, మధ్యలో బంతి. మౌస్‌ను అటూ ఇటూ జరిపితే పలక జరుగుతుంది. బంతిని కింద పడనివ్వకుండా కొట్టి ఇటుకలు పగలగొట్టాలి. అంతే.

ఒకరోజు ఆడుతుంటే వెనక మంచం మీదనుంచి, "ఎడమకు పో, ఎడమకు," అని వినిపించింది. బంతి పడిపోయింది. "చెప్తే ఇనవు," అన్నాడు నాయన. నాకు రోషం వచ్చింది. "అంత తెలిస్తే నువ్వే ఆడు," అని ఆయన్ను కుర్చీలో కూర్చోబెట్టి, కుడిచెయ్యి తీసి మౌస్ మీద పెట్టాను. ఎడమచెయ్యి ఒళ్ళోనుంచి లేవకూడదని షరతు పెట్టాను. చెయ్యి జరిగింది. పలక జరిగింది. బంతి తగిలి ఒక ఇటుక పగిలింది. రబ్బరు బంతిని నాలుగు రోజుల్లో మాయం చేసిన మనిషి ఆ రోజు గంటసేపు కుర్చీలోంచి లేవలేదు. కొత్త బంతి వదలాలంటే మౌస్ బటన్ ఒత్తాలి. అది ఆయన వేలికి చేతకాదు. బంతి పడిన ప్రతిసారీ "పాపా, ఒత్తు," అనేవాడు. నేను ఒత్తేదాన్ని.

అయితే ఆ ఆటకు జమీందారు బుద్ధి. తెరిచామంటే తెర మొత్తం దానిదే. మూలనున్న గడియారాన్ని కూడా కనబడనివ్వదు. ఫిర్యాదు వచ్చిందని టింగుమంటే నేను ఆటలోంచి బయటికి రావాలి. వచ్చానంటే ఆట చచ్చిపోతుంది. మళ్ళీ తెరిస్తే ఇటుకలన్నీ మొదటినుంచి. మూడో రోజు నాయనకు ఇంక రెండే ఇటుకలు మిగిలాయి. అప్పుడే టింగుమంది. నేను బయటికి వచ్చాను. రెండు ఇటుకలూ పోయాయి, ఆటా పోయింది. నాయన మౌస్ మీదనుంచి చెయ్యి తీసి, "నీ పని నువ్వు చేసుకో పాపా. నాకొద్దులే," అని మంచం మీదికి పోయాడు. ఆ పూట కూడా గోడ వైపు తిరిగే తిన్నాడు.

ఆదివారం నేను ఆ ఆటతో తగువుకు దిగాను. ఆల్ట్ పట్టుకుని ఎంటర్ కొడితే ఏ ఆటైనా చిన్న కిటికీలోకి దిగివస్తుందని ఇంటర్నెట్‌లో ఊరంతా చెబుతోంది. కొట్టాను. ఇది దిగలేదు. ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి. ఎవరో చెప్పారని తెర కొలతలు మారిస్తే అక్షరాలన్నీ గుమ్మడికాయలంత అయ్యాయి. వాటిని మామూలు చేసుకోవడానికే గంట పట్టింది. చివరికి ఆట ఉన్న ఫోల్డరు తెరిచి ఒక్కొక్క ఫైలే చూస్తే, ఒకదాంట్లో సెట్టింగులు మామూలు అక్షరాల్లో రాసి ఉన్నాయి. ఫుల్‌స్క్రీన్ అన్నచోట ఎదురుగా ఒకటి అంకె. దాన్ని చెరిపి సున్నా పెట్టాను. ఆట తెరిచాను. చుట్టూ సన్నటి అంచుతో, తెరలో సగంలో ఒదిగి, బుద్ధిమంతురాలిలా కూర్చుంది. పక్క సగంలో నా ఫిర్యాదుల జాబితా. నాకు ఒక్కదానికే నవ్వు ఆగలేదు. అమ్మ వచ్చి చూసి, "దీనికేనా పొద్దున్నించి పిలిస్తే పలకలేదు," అని పోయింది.

నాయనకు దాన్ని అర్థం చేయించడానికి అరనిమిషం కూడా పట్టలేదు. "ఇది నీ చేను, ఇది నా చేను, ఇది గట్టు," అన్నాను. తలూపాడు. టింగుమన్నప్పుడు నేను నా వైపు క్లిక్ చేస్తే బంతి గాల్లో ఉన్నచోటే ఆగిపోయింది. నా పని అయ్యాక అటు క్లిక్ చేస్తే మళ్ళీ కదిలింది.

"ఇట్ల ఆగుతాదా? మనం వచ్చేదాకా ఉంటాదా?" అన్నాడు.

"ఉంటాది నాయనా."

ఆ తర్వాతి రోజులు తలుచుకుంటే ఇప్పటికీ సంతోషంగా ఉంటుంది. ఒకే బల్ల ముందు రెండు కుర్చీలు. ఎక్కడో ఒకాయన ఫ్రిజ్జులో నీళ్ళు కారుతుంటాయి, ఇక్కడ నాయన ఇటుకలు రాలుతుంటాయి. ఒకటే ఇబ్బంది. నాయన చెయ్యి ఎక్కువ జరిగితే బాణం గుర్తు గట్టు దాటి నా వైపు వచ్చేది. అప్పుడు పలక ఆగిపోయి బంతి పడిపోయేది. "నా గొడ్డు నీ చేన్లో పడింది, తోలు," అనేవాడు. నేను తోలేదాన్ని. ఆ వెంటనే "పాపా, ఒత్తు." మధ్యమధ్యలో, చేను ఇరుకుగా ఉందని సణుగుడు.

రెండు నెలలు గడిచాక ఒకరోజు భోంచేసి వచ్చి చూస్తే జాబితాలో మొదటి గడి, అదే నిమిషాలు చూపించేది, సగం కనబడలేదు. ఆట కిటికీ అంచు ఒక వేలెడు నా వైపు వచ్చి ఉంది. లాప్‌టాప్ చేష్ట అనుకుని వెనక్కి నెట్టాను. మర్నాడు మళ్ళీ వేలెడు. తుడిచేటప్పుడు ఏమైనా నొక్కావా అని అమ్మను అడిగితే, "నీ పెట్టె జోలికి నేనెందుకు పోతా," అని కసిరింది. నాయన మీద నాకు అనుమానమే రాలేదు. ఆ అంచు జరగాలంటే బాణాన్ని సరిగ్గా దాని మీద పెట్టి, బటన్ ఒత్తి, వదలకుండా పట్టుకుని లాగాలి. ఒక్కసారి ఒత్తడానికే వేలు వంగని మనిషి ఆయన, షరతు ప్రకారం ఎడమచెయ్యి ఒళ్ళోనుంచి తీయడు. ఇంటి దొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటే ఇదే.

మూడో రోజు నా నుదుటి బొట్టుబిళ్ళ తీసి తెర మీద, గట్టును ఆనుకుని అంటించాను.

"ఏంది పాపా, తెరకు బొట్టు పెట్టినావు?" అన్నాడు నాయన.

"దిష్టి తగలకుండా," అన్నాను. నిజానికి అది నా హద్దురాయి.

మర్నాడు మామ వచ్చాడు. పది రోజుల్లో మనవరాలికి చెవులు కుట్టిస్తున్నారు, భోజనాలకు పిలవడానికి వచ్చాడు. నాయన మామూలుగా కాలు నొప్పి పాట ఎత్తుకున్నాడు. నేను లోపల అన్నం తిని వచ్చి, మామతో మాటల్లో పడి, కాసేపటికి తెర చూసేసరికి గట్టు బొట్టుబిళ్ళను దాటి రెండు వేళ్ళు ఇవతలికి వచ్చి ఉంది. దాని కింద ఒక ఫిర్యాదు నిమిషాలన్నీ అయిపోయి ఎర్రగా మారిపోయింది. ఏమైందని పైవాళ్ళ మెసేజ్ కూడా వచ్చేసింది. నాకు నషాళానికి అంటింది.

"నాయనా, గట్టు జరిపింది నువ్వేనా?"

నాయన దూలాల వైపు చూశాడు. "గాలికి జరిగిందేమో."

మామ పడీ పడీ నవ్వాడు. "ఇరవై ఏండ్ల నుంచి నాకూ ఇదే చెప్తాండాడు మ్మా. వానకు కొట్టుకపోయింది, ఎద్దులు తొక్కినాయి, అని."

నేను ఇంకా చాలా అనబోయాను. నోరు తెరిచాను కూడా. అప్పుడు తట్టింది. జరిపింది నాయనే అయితే, వేలు ఒత్తిందన్నమాట.

"ఏ చేత్తో?" అన్నాను.

నాయన ఎడమచెయ్యి ఒళ్ళోనే ఉంది. కుడిచెయ్యి మౌస్ మీద పెట్టాడు. బాణం వణుకుతూ పోయి అంచు మీద ఆగింది. చూపుడువేలు కొంచెం లేచి, వంగి, కిందికి దిగింది. టిక్కుమంది. దిగిన వేలు దిగినట్లే ఉంది. చెయ్యి జరిగింది. నా చేనులోకి నా కళ్ళ ముందే ఇంకో వేలెడు గట్టు నడిచి వచ్చింది. నాకు ఈసారి కోపం రాలేదు. రావలసిన ఏడుపే వచ్చింది, దాంతోపాటు నవ్వు కూడా.

"ఎన్నాళ్ళనుంచి?" అన్నాను కళ్ళు తుడుచుకుంటూ.

"నెల అయితాది."

"మరి బంతి పడినప్పుడల్లా నన్ను ఒత్తమంటావే?"

"నాకు నయమైతే నీ పెట్టె తీసుకోని లోపలి గదిలోకి పోయి పని చేసుకుంటానని మీ అమ్మతో అన్నావు గదా. నేను ఇన్నాను."

అన్నాను. ఎప్పుడో విసుగులో అన్నాను. ఆ బల్ల దగ్గరనుంచి నేను ఇంతవరకూ కదల్లేదు, ఇక కదలను కూడా. నాయనకు నా జవాబు అదే అనుకోవాలి.

ఆ మధ్యాహ్నం అమ్మ నాయనకు అన్నం పెట్టి స్పూన్ పెట్టలేదు. నాయన కంచం వైపు చూసి అమ్మ వైపు చూశాడు.

"గట్టు లాగిన చెయ్యి ముద్ద కలపదా?" అంది అమ్మ.

కలిపింది. సగం నోట్లోకి పోయింది, సగం పంచె మీద పడింది. రెండో ముద్దకు ఆయన ఇటు తిరిగి కూర్చున్నాడు. ఆ రోజునుంచి మా గోడకు నాయన ముఖం చూసే భాగ్యం లేకుండా పోయింది.

చెవులు కుట్టించిన రోజు కాలు నొప్పి ఏమైందో ఎవరూ అడగలేదు. నాయన భోజనాల బంతిలో మామ పక్కనే కూర్చున్నాడు. మా ఊళ్ళో బంతి లేవాలంటే అందరి తినడమూ అయిపోవాలి. ఒక్కరు తింటున్నా మిగతావాళ్ళు విస్తరి ముందు కూర్చునే ఉంటారు. అందరూ పెరుగన్నం ముగించేసరికి నాయన ఇంకా పప్పన్నం దగ్గరే ఉన్నాడు. పప్పు మోచేతి దాకా కారుతోంది. ఎవరూ తొందరపెట్టలేదు. మామ తనకు అక్కర్లేకపోయినా రెండుసార్లు పెరుగు వేయించుకున్నాడు. ఒకాయన వానల మాట ఎత్తాడు, ఇంకొకాయన కంది పూత మాట ఎత్తాడు. వడ్డించే గరిట చేతిలో పట్టుకుని నిలబడి నేను నాయన చెయ్యినే చూస్తున్నాను.

అప్పుడు మామ అన్నాడు, "బావా, నీ విస్తరి నా దాంట్లోకి వస్తాంది."

షామియానా కింద ఆకు కదిలేంత గాలి కూడా లేదు. నాయన ముద్ద నమిలి మింగి, తల ఎత్తకుండానే చెప్పాడు.

"గాలికి జరుగుంటాది."

బంతి బంతంతా నవ్వింది. విస్తరి అంచు మీద నాయన కుడిచెయ్యి ఇంకా అలాగే ఉంది.